నగరాలను నిలబెట్టినవాళ్లు – 7: అందంలో నాలుగు, అమరికలో ఒకటి

పోయిన భాగంలో లండన్ పార్లమెంటు భవనం కథ చెప్పుకున్నాం. 1834లో పాత భవనం తగలబడిపోవడం, కొత్తదాని పోటీలో చార్లెస్ బ్యారీ గెలవడం, ప్యూజిన్ తలుపు గడియల దగ్గర్నుంచి సింహాసనం దాకా బొమ్మలు గీసిచ్చి నలభయ్యేళ్లకే కన్నుమూయడం, ఆ ఘనత ఎవరిదన్న తగువు చివరికి ఇద్దరి కొడుకుల మధ్య కరపత్రాల యుద్ధంగా మారడం దాకా వచ్చాం. అది రాజ్యం తన కోసం కట్టించుకున్న భవనం. ఖర్చు చెయ్యి దాటితే రాజ్యమే భరించింది. ఈసారి లండన్ వదిలి ఉత్తరానికి పోదాం. అక్కడ పత్తి షావుకార్లు, మిల్లు యజమానులు, మునిసిపల్ కౌన్సిలర్లు కలిసి ఊరి డబ్బుతో కట్టించుకున్న భవనాలున్నాయి. వాటిని కట్టిన మనిషి పేరు ఆల్‌ఫ్రెడ్ వాటర్‌హౌస్.

ఆ ఊరు మాంచెస్టర్. 1819లో ఓటుహక్కు అడగడానికి సెయింట్ పీటర్స్ ఫీల్డ్‌లో పోగైన జనం మీదికి గుర్రాలు తోలి కత్తులు దూసింది ఇక్కడే. ఆనాటికి ఈ ఊరి తరఫున పార్లమెంటులో ఒక్క సభ్యుడు లేడు. 1838 దాకా ఎన్నికైన కార్పొరేషన్ లేదు. 1853లో గానీ నగరం హోదా రాలేదు. సగం ప్రపంచానికి బట్ట పంపుతున్నా, కాగితాల మీద చాలాకాలం పల్లెటూరి కిందే లెక్క. కోర్టు సంగతి మరీ అన్యాయం. పెద్ద కేసులు విచారించే అసైజ్ న్యాయమూర్తులు లివర్‌పూల్‌లో కూర్చునేవారు. మాంచెస్టర్‌లో హత్య జరిగితే సాక్షులు, వకీళ్లు, పోలీసులు రైలెక్కి అక్కడికి పోవాలి. డబ్బు తమ దగ్గర, న్యాయం పక్క ఊళ్లో. ఈ సంగతి షావుకార్లకు మింగుడుపడేది కాదు.

పైగా పక్క ఊళ్లన్నీ పోటీపడి కడుతున్నాయి. లివర్‌పూల్ 1854లో సెయింట్ జార్జ్ హాల్ తెరిచింది. లీడ్స్ 1858లో టౌన్‌హాల్ కట్టి, ప్రారంభానికి విక్టోరియా రాణినే రప్పించుకుంది. మాంచెస్టర్ కార్పొరేషన్ మాత్రం కింగ్ స్ట్రీట్‌లో 1820లలో కట్టిన పాత టౌన్‌హాల్లోనే ఇరుక్కుని ఉంది. కొళాయి నీళ్లు, గ్యాసు, మురుగు, పోలీసు అంటూ కార్పొరేషన్ పనులు ఏటేటా పెరిగాయి. గుమాస్తాలు పెరిగారు. గదులు మాత్రం పెరగలేదు.

అందరిమీదా పెత్తనం చేసేది పొగ. వందల మిల్లు గొట్టాలు కక్కే మసి వానతో కలిసి గోడల మీద జారేది. కొత్తగా చెక్కిన మెత్తని ఇసుకరాయి కొన్నేళ్లకే నల్లబడి పొరలు ఊడిపోయేది. చలికాలంలో మధ్యాహ్నానికే గదుల్లో గ్యాసు దీపాలు వెలిగించాలి. ఆ దీపాలు గాలిని ఇంకా పాడుచేసేవి. కిటికీ తెరిస్తే మసి, మూస్తే ఉక్క. 1842లో ఇక్కడి నూలు కంపెనీలో పని నేర్చుకోవడానికి వచ్చిన ఫ్రెడరిక్ ఎంగెల్స్ ఈ పొగ కిందే కూలీల బస్తీలు తిరిగి తన ప్రసిద్ధ పుస్తకం రాశాడు. 1850 నుంచి 1869 దాకా అదే కంపెనీ ఆఫీసులో కూర్చుని లెక్కలు చూశాడు కూడా. మన కథ చాలావరకు ఆ ఇరవయ్యేళ్లలోనే నడుస్తుంది. ఈ ఊళ్లో భవనం కట్టేవాడికి శైలి కంటే ముందు తేల్చుకోవలసినవి రెండున్నాయి: వెలుతురు ఎటునుంచి వస్తుంది, గాలి ఎటునుంచి ఆడుతుంది.

క్వేకర్ల ఇంటి పిల్లవాడు

వాటర్‌హౌస్ 1830 జులై 19న లివర్‌పూల్ శివారు ఐగ్‌బర్త్‌లో పుట్టాడు. తండ్రి పత్తి బ్రోకరు. కుటుంబం క్వేకర్ అనే క్రైస్తవ శాఖకు చెందింది. ఆడంబరం పనికిరాదు, అబద్ధం పనికిరాదు, ఇచ్చిన మాట పత్రంతో సమానం అనుకునే మనుషులు. వ్యాపారంలో వాళ్లను నమ్మి డబ్బు అప్పగించేవారు. పిల్లవాడికి చిత్రకారుడు కావాలని ఉండేది. ఆ ఇంట్లో అది కుదిరే కోరిక కాదు. మధ్యేమార్గంగా భవన నిర్మాణం దొరికింది. గీత గీసుకోవచ్చు, ఆ గీత నలుగురికీ పనికొస్తుంది. నీటిరంగుల మోజు మాత్రం ఆయన్ని చివరిదాకా వదల్లేదు. తాను కట్టబోయే భవనం పూర్తయ్యాక ఎలా ఉంటుందో తానే రంగుల్లో వేసి కమిటీల ముందు పెట్టేవాడు. ప్లాను చదవడం రాని కౌన్సిలర్లకు ఆ బొమ్మలు చాలు. పోటీలు గెలవడంలో ఈ కుంచె పాత్ర తక్కువేమీ కాదని నా అనుమానం.

ఇంట్లో మిగతావాళ్లదీ ఇదే పద్ధతి, నమ్మకాన్ని వృత్తిగా మలుచుకోవడం. ఒక తమ్ముడు థియోడర్ లాయరయ్యాడు. ఇంకో తమ్ముడు ఎడ్విన్ జమాఖర్చుల్లోకి వెళ్లి 1865లో శామ్యూల్ ప్రైస్‌తో చేతులు కలిపాడు. సత్యం కంప్యూటర్స్ వ్యవహారం బయటపడిన రోజుల్లో తెలుగు పత్రికల్లో తరచూ కనిపించిన ప్రైస్ వాటర్‌హౌస్ అనే ఆడిట్ సంస్థ పేరులో రెండో సగం ఈ ఎడ్విన్‌దే. అకౌంటెంటు, లాయరు, ఆర్కిటెక్టు ఒకే కొంపలోంచి వచ్చారు. వృత్తి అంటే ఏమిటి, దానికి హద్దులేమిటి, ఎవరు అందులోకి రావచ్చు అన్న ప్రశ్నలను ఇంగ్లండు మధ్యతరగతి అప్పుడప్పుడే తేల్చుకుంటోంది. ఈ ముగ్గురు అన్నదమ్ములు మూడు వైపుల నుంచి ఆ ప్రశ్నల మధ్యకే నడిచారు.

ఆల్‌ఫ్రెడ్ మాంచెస్టర్‌లో రిచర్డ్ లేన్ అనే పెద్ద ఆర్కిటెక్టు దగ్గర శిష్యరికం చేశాడు. లేన్‌ది గ్రీకు స్తంభాల పాత బాణీ. శిష్యుడు ఫ్రాన్స్, ఇటలీ తిరిగివచ్చి గురువు బాణీ పక్కన పెట్టాడు. మధ్యయుగాల గోథిక్ బాణీ పట్టుకున్నాడు. 1854లో మాంచెస్టర్‌లో సొంత ఆఫీసు పెట్టాడు. మొదట్లో వచ్చిన పనులు ఎక్కువగా తోటి క్వేకర్లవి. ఇళ్లు, దుకాణాలు, గోదాములు. పేరు రావాలంటే ఊరంతా చూసే పని ఒకటి కావాలి.

అది 1859లో వచ్చింది. అసైజ్ న్యాయమూర్తులను మాంచెస్టర్‌కు రప్పించుకునే పోరాటం ఫలించింది. కోర్టు భవనానికి పోటీ పెట్టారు. వందకు పైగా ప్లాన్లు వచ్చాయి. గెలిచింది ముప్పయ్యేళ్లు కూడా నిండని వాటర్‌హౌస్. న్యాయమూర్తి ఒక దారిలో వస్తాడు, ముద్దాయి ఇంకో దారిలో వస్తాడు, సాక్షులకు వేరే గది, వకీళ్లకు వేరే గది. ఒకరికొకరు ఎదురుపడకుండా అందరూ ఒకే హాల్లోకి చేరాలి. ఇప్పుడు ఏ జిల్లా కోర్టు చూసినా మామూలనిపించే ఈ అమరికను ఆయన కాగితం మీద ముడి పడకుండా గీశాడు. స్తంభాల తలల మీద పాతకాలపు శిక్షలను ఓషియా అన్నదమ్ములు చెక్కారు. ఆ భవనాన్ని కళావిమర్శకుడు జాన్ రస్కిన్ మెచ్చుకున్నాడు. ఎవరినీ ఓ పట్టాన మెచ్చని మనిషి, అందులోనూ మాంచెస్టర్ పేరు చెబితే మండిపడేవాడు మెచ్చుకున్నాడంటే వాటర్‌హౌస్‌కు అది పెద్ద యోగ్యతాపత్రమే. 1864లో కోర్టులు తెరిచారు. వెనకాలే స్ట్రేంజ్‌వేస్ జైలు కట్టే పనీ ఆయనకే దక్కింది. ఆ జైలు ఇప్పటికీ జైలుగానే ఉంది. కోర్టు మాత్రం రెండో ప్రపంచయుద్ధంలో బాంబులు పడి దెబ్బతింది. తర్వాత కూల్చేశారు.

ఆ కోర్టు లేస్తున్న కాలంలో ఊరి పరిస్థితి చూడండి. 1861లో అమెరికాలో అంతర్యుద్ధం మొదలైంది. అక్కణ్ణించి పత్తి రావడం ఆగిపోయింది. లాంకషైర్ మిల్లులు మూతపడ్డాయి. లక్షలమంది కూలీలు సహాయ కమిటీల ముందు బారులు తీరి గంజికి, రొట్టెకు చేయి చాచారు. పత్తి కోసం వ్యాపారులు ఈజిప్టు వైపు, మన దేశం వైపు చూశారు. ఆ నాలుగైదేళ్లలో గుంటూరు, కృష్ణా ప్రాంతాల పత్తి కాకినాడ రేవు నుంచి ఓడలెక్కింది. రేవు ఒక్కసారి కళకళలాడింది. యుద్ధం ముగిశాక ధర పడిపోయింది. నరసాపురం పక్క మాధవాయిపాలెం పేరు మీద ఒకప్పుడు ఐరోపాకు వెళ్లిన మన నేతబట్టనే, అదే పేరుతో లాంకషైర్ మరమగ్గాలు నేసి అమ్మాయి. గోదావరి నేతగాడి మగ్గం ఆగిన చప్పుడూ, మాంచెస్టర్‌లో రాళ్లు చెక్కిన చప్పుడూ ఒకే కాలానివి. ఆ ఊరి పౌరభవనాల గొప్ప చెప్పుకునేటప్పుడు డబ్బు ఎటునుంచి వచ్చిందో తెలుగువాళ్లం మర్చిపోనక్కర్లేదు.

ముక్కోణం స్థలం

వాటర్‌హౌస్ 1865లో కాపురం లండన్‌కు మార్చాడు. అక్కడి న్యాయస్థానాల పోటీలో పాల్గొన్నాడు. ఆ పని జార్జ్ ఎడ్మండ్ స్ట్రీట్‌కు పోయింది. ఈలోగా మాంచెస్టర్ కొత్త టౌన్‌హాల్‌కు పోటీ ప్రకటించింది. స్థలం ఆల్బర్ట్ స్క్వేర్ పక్కన. చదరం కాదు, ముక్కోణం. ఏ గోడా ఇంకో గోడకు సరిగ్గా కుదరని ఆకారం. దాంట్లో మేయరు గదులు, పెద్ద సభామందిరం, కౌన్సిలు హాలు, డజన్లకొద్దీ ఆఫీసులు, ప్రతి గదికీ వెలుతురు!

137 మంది ప్లాన్లు పంపారు. వడపోసి కొద్దిమందిని రెండో దశకు పిలిచారు. వాళ్లవి పరిశీలించి సలహా చెప్పడానికి డొనాల్డ్‌సన్ అనే ఆర్కిటెక్టును, స్ట్రీట్‌ను పెట్టారు. అవును, లండన్ న్యాయస్థానాల పోటీలో వాటర్‌హౌస్ ఎవరితో తలపడ్డాడో ఆ స్ట్రీటే. ముఖభాగం అందం లెక్కన చూస్తే వాటర్‌హౌస్‌కు దక్కింది నాలుగో స్థానం. స్పీక్‌మన్–చార్లెస్‌వర్త్ జోడీ, జాన్ ఓల్డ్రిడ్ స్కాట్, థామస్ వర్థింగ్టన్ ఆయన కన్నా ముందున్నారు. వర్థింగ్టన్ ఊరివాడు. ఆ స్క్వేర్ నడుమ నిలిచిన ఆల్బర్ట్ స్మారక మండపం ఆయన కట్టిందే. తన మండపం ఎదుటే తన టౌన్‌హాల్ కూడా ఉండాలని ఆయనకు అనిపించకుండా ఉంటుందా?

కానీ గదుల అమరికలో, వెలుతురులో, గాలి ప్రసరణలో, రాకపోకల్లో, ముక్కోణం మూలలు వృథాపోకుండా వాడుకోవడంలో వాటర్‌హౌస్ ప్లానుకు సాటి రాలేదు. ఆయన సభామందిరాన్ని నడిబొడ్డున పెట్టాడు. చుట్టూ ఖాళీ పెరళ్లు వదిలాడు. ఆ పెరళ్ల వెంట నడవాలు, నడవాలకు బయటివైపు వీధిని చూస్తూ ఆఫీసులు. ఆఫీసుకు వీధి వెలుతురు, నడవాకు పెరటి వెలుతురు. మూడు మూలల్లో మూడు గుండ్రటి మెట్లదారులు. మూలల్లో గదులు వంకరగా రావడమన్న తలనొప్పి అక్కడే తీరిపోయింది. ఆ మెట్ల వెంటనే వేడిగాలి పైఅంతస్తులకు ఎక్కే ఏర్పాటు చేశాడు. చలిదేశం కాబట్టి అది పెద్ద వసతి. 1868 ఏప్రిల్ 1న పని ఆయనకు అప్పగించారు. అందంలో నాలుగోవాణ్ని అమరిక చూసి మొదటివాణ్ని చేసిన ఆ కౌన్సిలర్లు మిల్లులు నడిపే మనుషులు. యంత్రం ఎంత నునుపుగా ఉందో కాదు, ఎంత నూలు వడుకుతుందో చూడ్డం అలవాటైనవాళ్లు. కళాభిమానులు ఇది మోటుతనమంటే అనవచ్చు. నా మట్టుకు వాళ్లు సరిగానే చూశారు.

1868 అక్టోబరు 26న శంకుస్థాపన జరిగింది. తొమ్మిదేళ్లు పట్టింది. లోపలి గోడలకు కోటీ నలభై లక్షల ఇటుకలు. పైన బ్రాడ్‌ఫర్డ్ దగ్గరి స్పింక్‌వెల్ గనుల రాయి, మసి వానకు తట్టుకుంటుందని ఏరి తెచ్చింది. నడవాల గోడలకు మనిషి ఎత్తు దాకా తుడిస్తే మురికి పోయే నునుపు పలకలు. 280 అడుగుల గడియార స్తంభం. నేల మీద మొజాయిక్‌లో తేనెటీగలు, కష్టపడి పనిచేసే ఊరికి గుర్తుగా. సభామందిరం పైకప్పు పలకల మీద మాంచెస్టర్ వ్యాపారం చేసే దేశాల, నగరాల చిహ్నాలు. కుర్చీలు, బల్లలు కూడా వాటర్‌హౌసే గీశాడు. ఖర్చు దాదాపు పది లక్షల పౌన్లు తేలింది. తర్వాత ఫోర్డ్ మాడొక్స్ బ్రౌన్ వచ్చి సభామందిరం గోడల మీద ఊరి చరిత్రను పన్నెండు పెద్ద చిత్రాలుగా వేశాడు. ఆ పని 1893 దాకా సాగింది.

ప్రారంభానికి రాణిని పిలిచారు. ఆమె రాలేదు. కారణం మేయరేనని ఊళ్లో చెప్పుకున్నారు. ఆ మేయరు ఏబెల్ హేవుడ్. పేదవాడి కొడుకు, పుస్తకాల వ్యాపారి. సర్కారు ముద్ర సుంకం కట్టని కూలీల పత్రికను అమ్మినందుకు కుర్రతనంలో జైలుకు వెళ్లినవాడు. అలాంటివాడి చేతి పక్కన రాణి నిలబడుతుందా? చివరికి 1877 సెప్టెంబరు 13న హేవుడే తలుపులు తెరిచాడు. ఆ రోజుల్లోనే వృత్తిసంఘాల వాళ్లు తమ జెండాలతో, తాము చేసిన వస్తువులతో వేలాదిగా ఆ స్క్వేర్ మీదుగా ఊరేగారు. గంటలు కొట్టే పెద్ద గంటకు మేయరు పేరే పెట్టారు, గ్రేట్ ఏబెల్ అని. ఎనిమిది టన్నుల పైచిలుకు బరువు. సెయింట్ పీటర్స్ ఫీల్డ్‌లో నెత్తురు పారిన ఊళ్లో ఆ కూలీల ఊరేగింపు, రాణి రాకపోవడం కంటే గొప్ప ప్రారంభమని నేనంటాను.

లండన్ పనులు

ఇక ఆయన ఆఫీసు వేగం పెరిగింది. లండన్‌లో ప్రకృతి చరిత్ర మ్యూజియం పోటీ గెలిచిన ఫ్రాన్సిస్ ఫోక్ 1865లో హఠాత్తుగా చనిపోయాడు. చనిపోయినవాడి ప్లాను పూర్తిచేయమని వాటర్‌హౌస్‌ను పిలిచారు. ఆయన దాన్ని క్రమక్రమంగా తనదిగా మార్చుకున్నాడు. సర్కారు ఖర్చు తగ్గించమంటూ పదేపదే కోత పెట్టింది. మ్యూజియం పెద్ద రిచర్డ్ ఓవెన్‌కు సృష్టికి ఒక గుడి కట్టాలని కోరిక. ఇద్దరినీ సముదాయిస్తూ వాటర్‌హౌస్ లోపలా బయటా టెర్రకోట తొడిగాడు. కాల్చిన మట్టి మసికి లొంగదు, కడిగితే మళ్లీ మెరుస్తుంది. ఒక అచ్చు నుంచి ఎన్ని పలకలైనా తీయవచ్చు కాబట్టి రాయి చెక్కడం కన్నా చవక. కోతులు, చేపలు, పాములు, పక్షులు అన్నీ ముందు ఆయన పెన్సిలు బొమ్మలే. తూర్పు రెక్క మీద అంతరించిన జంతువులు, పడమటి రెక్క మీద బతికున్నవి. బతికున్న జాతులను అంతరించినవాటితో ముడిపెట్టిన డార్విన్‌తో ఓవెన్‌కు ఉన్న పడనితనం గోడల మీద కూడా అలా తేలింది. 1881లో మ్యూజియం తెరిచారు.

ఆ తర్వాత ప్రుడెన్షియల్ బీమా కంపెనీకి హాల్బర్న్‌లో ప్రధాన కార్యాలయం, ఊరూరా శాఖలు కట్టాడు. అన్నీ ఎర్రటి టెర్రకోటే. గిట్టనివాళ్లు దాన్ని కసాయి గోథిక్ అని వెక్కిరించారు. ఆ ఎరుపు నాకూ కొంత కళ్లలో గుచ్చుకుంటుంది. కానీ లోపల చూస్తే, కొత్తగా ఉద్యోగాల్లో చేరిన ఆడ గుమాస్తాలకు వేరే ద్వారం, మధ్యాహ్నం పూట నడవడానికి మేడ మీద చోటు ఇచ్చిన భవనం అది. లండన్‌లో నేషనల్ లిబరల్ క్లబ్బు కూడా ఆయనదే. ఒక నల్లవాణ్ని ఇంగ్లీషు ఓటర్లు ఎన్నుకోరని ప్రధాని సాలిస్‌బరీ దాదాభాయి నౌరోజీని ఉద్దేశించి నోరుజారిన కొద్ది వారాలకు, 1889లో, నౌరోజీకి గౌరవ విందు చేసింది ఆ క్లబ్బులోనే. లివర్‌పూల్ యూనివర్సిటీ కాలేజీకి ఎర్ర ఇటుకలతో విక్టోరియా బిల్డింగు కట్టాడు. పారిశ్రామిక నగరాల విశ్వవిద్యాలయాలను ఎర్ర ఇటుక విశ్వవిద్యాలయాలని పిలిచే అలవాటుకు మూలం ఆ గోడలే.

పోటీల రోత, తీర్పరి పేరు

ఇంత పని ఉన్న మనిషి ఆర్కిటెక్టుల సంఘం పనుల జోలికి ఎందుకు వెళ్లాడన్నది ఆలోచించవలసిన సంగతి. ఆ కాలపు పోటీలు ఎలా నడిచేవో తెలిస్తే జవాబు దొరుకుతుంది. ఒక ఊరి కమిటీ పత్రికలో ప్రకటన వేస్తుంది. వందమంది ఆర్కిటెక్టులు నెలల తరబడి సొంత ఖర్చుతో గీస్తారు. కమిటీలో ప్లాను చదవగలిగినవాడు ఒక్కడూ ఉండడు. రంగుల బొమ్మ చూసి ఒకరికి, బంధుత్వం చూసి ఇంకొకరికి బహుమతి ఇస్తారు. తర్వాత గెలిచినవాడి ప్లాను ఊరి సర్వేయరు చేతికిచ్చి కట్టించుకుంటారు. ఖర్చు ఇంత దాటకూడదని షరతు పెట్టి, దాన్ని రెట్టింపు దాటిన ప్లానును ఎంపిక చేసిన సందర్భాలూ ఉన్నాయి.

లండన్‌లో 1834లో పుట్టిన బ్రిటిష్ ఆర్కిటెక్టుల ఇన్‌స్టిట్యూట్, అంటే రాయల్ ఇన్‌స్టిట్యూట్, ఈ రోత కడగాలని చాలాకాలం పోరాడింది. 1862లో ఫీజు పట్టిక ప్రకటించింది: కట్టుబడి ఖర్చులో నూటికి ఐదు. పోటీ పెడితే వృత్తి తెలిసిన తీర్పరి ఉండాలని, లేకపోతే తాము ప్లాన్లు పంపమని ఆర్కిటెక్టులు 1880 ప్రాంతంలో పత్రాల మీద సంతకాలు పెట్టారు. అలాంటి తీర్పరి అంటే కమిటీలకు మొదట గుర్తొచ్చే పేరు వాటర్‌హౌస్. తాను గెలిచాడు, ఓడాడు, అందంలో నాలుగోవాడు కూడా అయ్యాడు. ఎవరి వంకా మొగ్గడన్న పేరుంది. క్వేకర్ పెంపకం ఇక్కడ పనికొచ్చింది. బర్మింగ్‌హామ్ న్యాయస్థానాల పోటీలో తీర్పరి ఆయనే, గెలిచింది ఆస్టన్ వెబ్, ఇంగ్రెస్ బెల్. 1891లో విక్టోరియా–ఆల్బర్ట్ మ్యూజియం పోటీలోనూ తీర్పరి ఆయనే, మళ్లీ గెలిచింది వెబ్బే. ఈ వెబ్ తర్వాత బకింగ్‌హామ్ రాజసౌధం ముఖభాగం మార్చినవాడు, 1902లో ఇన్‌స్టిట్యూట్ అధ్యక్షుడు కూడా అయ్యాడు.

1878లో ఇన్‌స్టిట్యూట్ బంగారు పతకం అందుకున్న వాటర్‌హౌస్ 1888లో అధ్యక్షుడై 1891 దాకా ఆ పదవిలో ఉన్నాడు. ఇన్‌స్టిట్యూట్‌లో చేరాలంటే పరీక్ష రాయాలన్న నియమం 1882లోనే వచ్చింది. ఆయన హయాంలో అది ప్రాథమికం, మధ్యమం, అంతిమం అని మూడు మెట్ల పరీక్ష అయింది. శిష్యరికం పేరుతో గురువుకు డబ్బు కట్టి, ఐదేళ్లు ట్రేసింగులు గీసి, అంతటితో ఆర్కిటెక్టుని అనిపించుకునే కుర్రాళ్లకు ఇది పిడుగుపాటు. ఊళ్లలో ఉన్న స్థానిక సంఘాలను లండన్ సంస్థతో కలిపే ప్రయత్నమూ అప్పుడే ఊపందుకుంది. మాంచెస్టర్‌లో పైకొచ్చిన మనిషికి ఊళ్లంటే చులకన ఉండదు కదా.

అసలు గొడవ అక్కడే రాజుకుంది. 1884లో పుట్టిన సొసైటీ ఆఫ్ ఆర్కిటెక్ట్స్ అనే పోటీ సంఘం ఇంకో అడుగు ముందుకు వేసింది. డాక్టర్లకు లాగే చట్టం చేసి, పేరు నమోదైనవాళ్లే ఆర్కిటెక్టులమని చెప్పుకోవాలని బిల్లు తెచ్చింది. ఇన్‌స్టిట్యూట్ ఆ బిల్లును బలపరచలేదు. అయినా పరీక్షల దారి పట్టినందుకు అదీ అనుమానాల్లో పడింది. 1891 మార్చిలో నార్మన్ షా, బోడ్లీ, జాక్సన్ వంటి ఉద్దండులు టైమ్స్ పత్రికలో బహిరంగ విజ్ఞప్తి వేశారు. భవన నిర్మాణం కళ, కళకు పరీక్ష పెట్టలేరు, పట్టా ఇవ్వలేరు అన్నది వాళ్ల మాట. కొందరు ఇన్‌స్టిట్యూట్ వదిలి బయటికి నడిచారు. మరుసటేడు షా, జాక్సన్ ఇదే వాదంతో వ్యాసాల పుస్తకం తెచ్చారు.

వాళ్ల మాటలో నిజం లేకపోలేదు. పరీక్ష ప్రతిభను పుట్టించదు. కానీ షా దగ్గరికి వచ్చేవాళ్లు ధనవంతులు, ఇష్టమైనవాణ్ని ఏరుకునే స్తోమత ఉన్నవాళ్లు. టౌన్‌హాల్‌కో ఆసుపత్రికో వచ్చే మామూలు మనిషి ఆర్కిటెక్టుని ఎంచుకోడు. కప్పు కూలితే, మురుగు వెనక్కి తంతే చచ్చేది ఆ మనిషే. ఆయన తరఫున ఎవరో ఒకరు ఈ వృత్తికి గడప కట్టాలి. వాటర్‌హౌస్ బాణీ భవనాలు జనం కోసం కట్టినవి. ఆ భవనాలు చూస్తే తూకం ఎటు మొగ్గాలో నాకు సందేహం లేదు. చట్టం మాత్రం 1931 దాకా రాలేదు. మన దేశంలో ఆర్కిటెక్టుల చట్టం 1972లో వచ్చింది. దాని కిందే ఇప్పుడు హైదరాబాద్‌లోనో విజయవాడలోనో ఆర్కిటెక్టు బోర్డు మీద రిజిస్ట్రేషన్ నంబరు కనిపిస్తుంది.

వాటర్‌హౌస్ 1877లో ఇంగ్లండు చర్చిలో చేరాడు. బర్క్‌షైర్‌లోని యాటెండన్ గ్రామంలో ఎస్టేటు కొన్నాడు. అక్కడ భార్య ఎలిజబెత్ పల్లె కుర్రాళ్లకు సాయంత్రం పూట రాగిరేకు మీద నగిషీ పని నేర్పే తరగతి నడిపింది. కూతురు మోనికా కవి రాబర్ట్ బ్రిడ్జెస్‌ను పెళ్లాడింది. పక్షవాతంతో పని మానేసిన ఆయన 1905 ఆగస్టు 22న కన్నుమూశాడు. కొడుకు పాల్ 1921లో, మనుమడు మైకేల్ 1948లో అదే ఇన్‌స్టిట్యూట్‌కు అధ్యక్షులయ్యారు. మూడు తరాలు ఒకే కుర్చీ. వారసత్వ రాజకీయం చూడ్డం అలవాటైన మనకు నవ్వొస్తుంది గానీ, ముగ్గురూ పని తెలిసినవాళ్లే.

మాంచెస్టర్ టౌన్‌హాల్‌ను 2018లో మరమ్మతుల కోసం మూశారు. అంతకుముందు పార్లమెంటు దృశ్యాలు తీయాల్సిన సినిమావాళ్లకు, టీవీవాళ్లకు అదే అక్కరకొచ్చేది. బ్యారీ, ప్యూజిన్‌ల భవనంలో కెమెరా పెట్టనిచ్చేవారు కాదు కాబట్టి వాళ్లు వాటర్‌హౌస్ నడవాల్లో తీసుకునేవాళ్లు.

ఇంగ్లండు టౌన్‌హాళ్ల గోథిక్ సముద్రం దాటి మన దేశానికి ఎలా వచ్చిందో వచ్చే భాగంలో చూద్దాం. బొంబాయిలో ఫ్రెడరిక్ విలియం స్టీవెన్స్ 1878లో విక్టోరియా టెర్మినస్ పని మొదలుపెట్టాడు. తర్వాత బొంబాయి మునిసిపల్ కార్పొరేషన్ భవనం కోసం ఆయనతో తలపడినవాడు రాబర్ట్ చిజమ్. మద్రాసులో సెనేట్ హౌస్ కట్టింది ఈ చిజమే. మన తాతల కాలంలో మద్రాసు విశ్వవిద్యాలయంలో చదివిన తెలుగువాళ్లకు ఆ భవనం బాగా తెలుసు. ఆ టెర్మినస్‌లో, అంటే బోరీబందర్ స్టేషన్‌లో ఎప్పుడైనా రైలు దిగినవాళ్లు, గేటు స్తంభాల మీద కూర్చున్న సింహాన్ని, పులిని ఒకసారి గుర్తుచేసుకుని ఉండండి. వాటితోనే మొదలుపెడదాం.